కెమెరా లేకుండా సినిమా తీయొచ్చా? స్టాన్ బ్రాకేజ్ ఎలా తీశాడు?

తీయొచ్చు. అమెరికన్ ప్రయోగాత్మక దర్శకుడు స్టాన్ బ్రాకేజ్ (1933–2003) 1963లో చేసిన 'మాత్‌లైట్' అందుకు మంచి ఉదాహరణ. దీపం దగ్గర చచ్చిపడిన పురుగుల రెక్కలు, పూరేకులు, గడ్డిపరకలు ఏరి, రెండు పారదర్శకమైన టేపుల మధ్య అతికించాడు. ఆ టేపు 16 ఎం.ఎం. ఫిల్మ్ వెడల్పే. దాన్ని ల్యాబ్‌లో ప్రింట్ వేయించాడు. కథ, నటులు, సౌండ్ ఏవీ లేవు. నిడివి నాలుగు నిమిషాల లోపే.

అసలు విశేషం ఫ్రేముల్లో ఉంది. మామూలు సినిమాలో ఒక్కో ఫ్రేము ఒక పూర్తి ఫొటో. ఇక్కడ ఫ్రేముకి హద్దే లేదు. 16 ఎం.ఎం. ఫ్రేము ఎత్తు సుమారు 7.5 మిల్లీమీటర్లే కాబట్టి, ఒక రెక్క రెండు మూడు ఫ్రేముల మీదుగా పరుచుకుంటుంది. ప్రొజెక్టర్ దాన్ని ముక్కలుగా చూపిస్తుంది. ఒక క్షణం ఈనెలు, మరుక్షణం అంచు, ఆ వెంటనే ఖాళీ వెలుతురు. ఆ వేగానికి చచ్చిన రెక్కలు మళ్లీ కొట్టుకుంటున్నట్టే అనిపిస్తుంది. నన్ను బాగా కదిలించేది ఇదే.

తర్వాత ఆయన ఫిల్మ్ మీద నేరుగా రంగులు వేశాడు, గీతలు గీకాడు. ఆయన సినిమాల్లో చాలావాటికి శబ్దం ఉండదు. శబ్దం వస్తే చూపు పలచబడుతుందని ఆయన నమ్మకం. మొదటిసారి చూసేవాళ్లు 'అర్థం ఏంటి' అన్న టెన్షన్ పక్కనపెట్టి, చీకటి గదిలో పెద్ద తెర మీద చూడండి. రెండోసారి మధ్యమధ్యలో ఆపి, ఒక్కో ఫ్రేమునీ విడిగా గమనించండి.