ఇష్తార్ వచ్చిందా, వచ్చారా?

సందేహం: బాబిలోనియా వీరుల కథలు, దేవతల కథలు తెలుగులో తిరిగి చెబుతున్నాను. ‘ఇష్తార్ కోపంగా వచ్చింది’ అని రాస్తే, చదివిపెట్టిన పెద్దాయన ‘దేవత కదమ్మా, వచ్చారు అనాలి’ అని దిద్దారు. పేర్ల దగ్గరా తేలడం లేదు. గిల్గమేష్, గిల్గమేషు, గిల్గమేశుడు – ఏది రాయాలి? వీటిని పురాణాలు అనవచ్చా? – ఒక పాఠకురాలు

సమాధానం: ముందు క్రియ సంగతి చూద్దాం. మీరు రాసిన ‘వచ్చింది’ని అలాగే ఉంచండి.

ఆ పెద్దాయన శంక ఎక్కడి నుంచి వచ్చిందో ఊహించగలను. ఇప్పుడు పత్రికల్లో, సభల్లో ఏ మహిళ గురించి రాసినా ‘చెప్పారు, వెళ్ళారు’ అంటున్నాం. అది మంచి అలవాటే. కానీ మన ఎదుట ఉన్న మనిషికిచ్చే మర్యాద వేరు, కథ చెప్పేటప్పటి తీరు వేరు. ‘సీత అడవికి వెళ్ళింది’, ‘ద్రౌపది శపథం చేసింది’, ‘పార్వతి తపస్సు చేసింది’ అంటాం. ఇందులో అగౌరవం ఎవరికీ తోచదు. గ్రామదేవతల దగ్గర ఇది ఇంకా స్పష్టం. ‘పోలేరమ్మ పూనింది’, ‘ఎల్లమ్మ పలికింది’ అనేవాళ్ళ భక్తిని ఎవరు శంకించగలరు? ‘అమ్మవారు ఊరేగింపుకు బయల్దేరారు’ అంటున్నామంటే, అక్కడ ‘వారు’ అన్నది పేరులోనే ఉంది, క్రియ దాన్ని అనుసరించింది. ఇష్తార్ పేరులో అలాంటిదేమీ లేదు.

మన వ్యాకరణం మీద ఒక ఫిర్యాదు ఉంది, అది న్యాయమైనదే. 1858 నాటి బాలవ్యాకరణంలో చిన్నయసూరి స్త్రీలు, పశుపక్ష్యాదులు, జడాలు కానివాటినే మహత్తులు అన్నాడు. ఏకవచనంలో ఆడమనిషి, ఆవు, బండ అన్నీ ‘వచ్చింది’, ‘పడింది’ అనే ఒకే వరుసలో నిలబడతాయి. బహువచనానికి వచ్చేసరికి మాత్రం స్త్రీలు ‘వచ్చారు’ అంటూ మగవాళ్ళతో కలుస్తారు. ఈ వరుస చూసి నొచ్చుకునే స్త్రీలను నేను తప్పుపట్టను. అయినా మీరు ఎంచుకున్న కథల్లో ఈ ‘-ఇంది’ చేసే మేలు ఎంతో ఉంది, దాన్ని వదులుకోకండి.

బాబిలోనియన్ల సృష్టిగాథ ‘ఎనూమా ఎలిష్’లో తియామత్ ఉంది కదా. ఆమె ఉప్పు సముద్రం, దేవతలను కన్న తల్లి కూడా. ఆ పేరే అక్కడి భాషలో సముద్రానికున్న మాటకు చుట్టం. కథ పొడవునా ఆమె ఒకచోట నీళ్ళలా, ఇంకోచోట తల్లిలా కనిపిస్తుంది. ఆడ, మగ, జడం అని మూడు సర్వనామాలున్న భాషలో తిరిగి చెప్పేవాళ్ళు ప్రతి వాక్యంలోనూ ఒక పక్క తేల్చుకోవాలి. మనకు ఆ ఇబ్బంది లేదు. ‘తియామత్ పొంగింది, మండిపడింది, తిరగబడింది’ అంటే సముద్రమూ ఔను, తల్లీ ఔను. బాబిలోను దేవుడు మర్దుక్ ఆమెను చంపి, ఎండబెట్టే చేపను చీల్చినట్టు రెండుగా చీల్చి, ఒక సగాన్ని ఆకాశంగా నిలబెడతాడు. ఆమె కళ్ళలోంచి యూఫ్రటీస్, టైగ్రిస్ నదులు పారతాయి. అక్కడ ‘పడిపోయారు’ అని రాశారంటే సముద్రం మాయమై ఒక పెద్దావిడ మాత్రమే మిగులుతుంది. చిక్కు వచ్చేది ఆమె భర్త అప్సు దగ్గర. ఆయన మంచినీటి దేవుడు, మగవాడు. ‘అప్సు, తియామత్ కలిశారు’ అంటే నీళ్ళు పోతాయి, ‘కలిశాయి’ అంటే దేవతలు పోతారు. మూలంలోనే దారి ఉంది చూడండి: వాళ్ళ నీళ్ళు కలిశాయని ఉంటుంది. అదే రాయండి.

ఇష్తార్‌కూ ఈ మేలు దక్కుతుంది. ఆమె ప్రేమకూ యుద్ధానికీ దేవత. ఆకాశంలో వీనస్ గ్రహం కూడా ఆమే. ఆ గ్రహాన్ని మనం శుక్రుడంటాం, ‘శుక్రుడు ఉదయించాడు’ అంటాం. మీ కథలో ఆ మాట వేస్తే ఆవిడ కాస్తా మన రాక్షసగురువై కూర్చుంటుంది. పల్లెల్లో అదే చుక్కను వేగుచుక్క అంటారు, ‘వేగుచుక్క పొడిచింది’ అంటారు. ఈ మాట తీసుకుంటే ‘ఇష్తార్ పొడిచింది’ అని కూడా రాయవచ్చు, చుక్కా దేవతా ఒకే క్రియలో ఇమిడిపోతాయి.

మీరు అడగలేదు గానీ, హుంబబ విషయంలో ఈ ఎంపిక ఇంకా పెద్దది. దేవదారు అడవికి కాపలాదారుడు, ఊరుక్ నగరపు రాజు గిల్గమేష్ చేతిలో చచ్చేవాడు. చాలామంది అతన్ని వికృత మృగంగా చిత్రిస్తారు. అలా అనుకుంటే ‘హుంబబ గర్జించింది’ అని రాయాలి. కానీ ఇరాక్ కుర్దిస్తాన్‌లోని సులేమానియా మ్యూజియం 2011లో సేకరించిన మట్టిపలక ఒకటి 2014లో అచ్చయింది. గిల్గమేష్ గాథ అయిదో పలకలోని కొన్ని ఖాళీలు దానితో పూడాయి. అందులో అడవి నిండా పక్షుల కూతలు, కోతుల అరుపులు ఉంటాయి. అవన్నీ రాజుగారి కొలువులో వాద్యాల్లా హుంబబ కోసమే మోగుతుంటాయి. అతను చచ్చాక, అడవిని బీడు చేశామని గిల్గమేష్ మిత్రుడు ఎన్కిదు బాధపడతాడు. ఇది చదివాక ‘గర్జించింది’ అనడానికి నాకు చెయ్యి రాదు. ‘హుంబబ గర్జించాడు’ అనే రాస్తాను. ఆ ఒక్క ప్రత్యయంతో అది వేట కాదు, హత్య అవుతుంది.

ఇక సంభాషణలు. ఈ కథలు రాసిన అక్కాదీ భాషలో మగవాణ్ణి పిలిచే ‘నువ్వు’, ఆడమనిషిని పిలిచే ‘నువ్వు’ వేరువేరు. ఒక్కరిని పట్టుకుని ‘మీరు’ అనే మర్యాద మాత్రం అందులో లేదు. కాబట్టి ఎవరు ఎవర్ని మీరు అంటారో, నువ్వు అంటారో తేల్చే భారం మీదే. దేవుళ్ళను మనం నువ్వు అనే అంటాం. ‘నన్ను కాపాడు తల్లీ’ అన్నంత సహజంగా ‘కాపాడండి’ నోటికి రాదు. ఆరో పలకలో ఇష్తార్ గిల్గమేష్‌ను పెళ్ళాడమని అడుగుతుంది. అతను కాదనడమే కాక ఆమె పాత ప్రియులందరి గతినీ ఏకరువు పెడతాడు. ఆ తిట్లు తెలుగులో ఎంత బాగా పలుకుతాయో చూడండి: ‘నువ్వు చలిలో ఆరిపోయే కుంపటివి. గాలి ఆపలేని దొడ్డితలుపువి. మోసేవాణ్ణే తడిపే నీళ్ళతిత్తివి. తొడిగినవాడి కాలు కరిచే చెప్పువి.’ చెప్పు కరవడమన్నది మన ఇళ్ళలో రోజూ వినే మాటే. నామవాచకానికి తగిలే ఆ ‘-వి’ దెబ్బ మీద దెబ్బలా పడుతుంది. మర్యాదకని ‘మీరు ఆరిపోయే కుంపటి’ అంటే ఆ ఊపంతా పోతుంది. ఆ వెంటనే ఇష్తార్ ఏడుస్తూ తండ్రి అయిన ‘అను’ అనే ఆకాశదేవుడి దగ్గరికి పోయి దివ్యవృషభాన్ని ఇమ్మంటుంది. ఇవ్వకపోతే పాతాళం తలుపులు పగలగొట్టి చచ్చినవాళ్ళను బతికున్నవాళ్ళ మీదికి వదులుతానని బెదిరిస్తుంది. అక్కడ కూడా ‘నాన్నా, నువ్వు ఇస్తావా ఇవ్వవా’ అనే అనిపించండి.

మీరు అనే మాట నిజంగా కావలసిన చోటు ఒకటుంది. ఇష్తార్ పాతాళానికి దిగే కథలో ఏడు వాకిళ్ళు. ప్రతి వాకిట్లో కాపలావాడు ఆమె ఒంటి మీది నగో బట్టో ఒకటి తీసేసుకుంటాడు. తీసుకుంటూ ఆమెను ‘నా దొరసానీ’ అనే పిలుస్తాడు. ‘లోపలికి దయచెయ్యండమ్మా’ అంటూనే ఒక్కొక్కటీ ఒలిచేస్తుంటే ఆ కథలోని భయం పాఠకుడికి అందుతుంది. పాతాళపు రాణి ఎరెష్కిగల్ ఇష్తార్‌కు తోబుట్టువు. అక్కా చెల్లా అన్నది తెలుగులో తప్పించుకోలేం. ఇష్తార్‌నే అక్కడి ఇంకా పాత భాష సుమేరులో ఇనన్నా అంటారు, ఆ పాత కథలో ఇనన్నాయే ఆమెను అక్క అని చెబుతుంది. కాబట్టి ‘అక్క’ అని రాయవచ్చు.

పేర్ల దగ్గర నా అభిప్రాయం ఇది: ‘-డు’ చేర్చకండి. గిల్గమేశుడు అనగానే గణేశుడు, మహేశుడు గుర్తొస్తారు. గుణసంధి చదువుకున్నవాళ్ళు ‘గిల్గమ + ఈశుడు’ అని విడదీసేస్తారు. ఊరుక్ రాజు సంస్కృతపు దేవుడైపోతాడు. గిల్గమేష్, గిల్గమేషు రెండూ తెలుగే. ‘గిల్గమేష్‌కు, గిల్గమేష్‌ను’ అని ఇప్పటి పాఠకులు ఇబ్బంది లేకుండా చదువుతున్నారు కనుక నేను మొదటిదానికే ఓటేస్తాను. ఈ వీరుడి పేరు విషయంలో పండితులే ఒకప్పుడు దారి తప్పారు. 1872లో లండన్‌లో గిల్గమేష్ గాథలోని జలప్రళయపు పలకను లోకానికి చాటిన జార్జి స్మిత్ ఆ పేరును ఇజ్దుబార్ అని చదివాడు. 1890లో గానీ పించెస్ అనే పండితుడు అది గిల్గమేష్ అని తేల్చలేదు.

ఇష్టార్ అని కాకుండా ఇష్తార్ అని మీరు రాసినందుకు సంతోషం. ఇంగ్లీషు నుంచి వచ్చే మాటలకు ట, డ వాడటం మన అలవాటు. ఈ పేర్లు ఇంగ్లీషువి కావు. అక్కాదీకి దగ్గరి చుట్టాలైన అరబ్బీ, హీబ్రూ మాటలను తెలుగు త, ద లతోనే తీసుకుంది: కితాబు, తారీఖు, దాఖలా. అరబ్బీలో గట్టిగా ఒత్తి పలికే అక్షరం కూడా తబలాలో త అయింది. తెలుగు బైబిలు చదివేవారికి దావీదు, అక్కదు, తమ్మూజు అలవాటైన రూపాలు. ఈ తమ్మూజు మరెవరో కాదు, గిల్గమేష్ తిట్ల జాబితాలో ముందుగా వచ్చే ఇష్తార్ ప్రియుడే. మీ కథలోని ఊరుక్ కూడా ఆదికాండంలో ‘ఎరెకు’ అన్న పేరుతో ఉంది. కాబట్టి ఇష్తార్, మర్దుక్, తియామత్, ఉత్నపిష్తిమ్ అని రాయండి.

ఎన్కిదు దగ్గర ఈ జాగ్రత్త తప్పనిసరి. ఎన్కిడు అని రాస్తే చివరి ‘డు’ రాముడిలోని ‘డు’లా కనిపిస్తుంది. దాన్ని తీసేసి చూస్తే మిగిలేది ఎన్కి. ఎన్కి అంటే వేరే దేవుడు. జలప్రళయం రాబోతోందని ఉత్నపిష్తిమ్‌కు రెల్లుగోడ చాటు నుంచి చెప్పి కాపాడే ఎయా దేవుడి సుమేరు పేరది. ‘ఎన్కిడి మాట’ అని ఎక్కడైనా పడిందంటే అది మిత్రుడి మాటో దేవుడి మాటో పాఠకుడికి తెలియదు. ‘ఎన్కిదు మాట’, ‘ఎన్కిదును’ అని రాస్తే తికమక ఉండదు.

పురాణమా అంటే, సృష్టీ దేవతల పుట్టుకా చెప్పే ఎనూమా ఎలిష్‌ను అలా అంటే ఒప్పుకుంటాను. మన పురాణ లక్షణాల్లో మొదటిదైన సర్గ, అంటే సృష్టి, అందులో ఉంది. గిల్గమేష్ కథలో అలాంటిదేమీ లేదు. స్నేహితుడు చనిపోతే చావంటే భయపడి లోకం చివరిదాకా పరుగెత్తిన మనిషి కథ అది. దానికి ‘గాథ’ అన్న మాట చాలు. పుస్తకానికి పేరు ఇంకా పెట్టకపోతే ఒక సూచన. ఈశావాస్యం, కేన ఉపనిషత్తుల్లాగే అక్కడి కావ్యాలను కూడా మొదటి మాటలతోనే పిలిచేవారు. ఎనూమా ఎలిష్ అన్నదీ అలా వచ్చిన పేరే, పైన ఆకాశానికి ఇంకా పేరు లేనప్పుడు అని మొదలయ్యే వాక్యంలోది. గిల్గమేష్ గాథను ‘షా నక్బ ఈమురు’ అనేవారు, అగాధాన్ని చూసినవాడు అని అర్థం. మీ పుస్తకానికి ‘అగాధం చూసినవాడు’ అని పేరు పెట్టి, కింద చిన్న అక్షరాల్లో ‘గిల్గమేష్ గాథ’ అని వేయించండి.