డెబ్బై పైసల వడ్డీ

చి. సుధకి,

పెద్దమ్మ ఆశీర్వదించి రాసేది.

నువ్వు పంపిన బ్యాంకు కాగితాలు రెండుసార్లు చదివాను. బాచుపల్లిలో ఫ్లాటు 65 లక్షలు, అందులో లోను 50 లక్షలు, వడ్డీ 8.5 శాతం, 20 ఏళ్లు, ఈఎంఐ 43,391. దాని కింద నీ మెసేజ్: "30 ఏళ్లకైతే 38,446 చాలంట పెద్దమ్మా, చేతిలో కాస్త మిగులుతుంది కదా?" లెక్కలు ఫోన్‌లో చెబితే సగం వింటావు, మిగతా సగంలో ఆఫీసు కాల్ వస్తుంది. అందుకే క్యాలిక్యులేటర్ ముందేసుకుని రాస్తున్నాను.

మొన్న మీ నాన్న ఫోన్ చేసి "డెబ్బై పైసల వడ్డీ వదినా, ఈ రోజుల్లో ఎవడిస్తాడు?" అన్నారు. ఆయన లెక్క సరిగ్గానే కట్టారు. ఏడాదికి 8.5 శాతం అంటే నూటికి నెలకి 71 పైసలు. రెండు రూపాయల వడ్డీకి నోటు రాసిచ్చి అప్పు తెచ్చినవాళ్ల కంటికి ఇది వడ్డీలాగే ఆనదు. కానీ మా నాన్న, అదే మీ తాతయ్య, ఆ రెండు రూపాయల అప్పు ఎన్నాళ్లు ఉంచేవారు? మిర్చి అమ్మిన డబ్బు ఇంటికి చేరేలోపే షావుకారు దగ్గరికి వెళ్లి, నోటు చింపించుకుని వచ్చేవారు. అప్పు ఉన్నన్నాళ్లూ ఆయనకి నిద్ర పట్టేది కాదు. బ్యాంకు అప్పు ఎవరి నిద్రా చెడగొట్టదు. ఒకటో తారీఖో ఐదో తారీఖో అకౌంటులోంచి దానంతటదే పోతుంటుంది, మనం మర్చిపోతాం. ఇప్పుడు చూడు. రెండు రూపాయల వడ్డీకి ఏడాది తెచ్చుకుంటే నూటికి 24 రూపాయలు వడ్డీ. నీ డెబ్బై పైసల వడ్డీ 20 ఏళ్లు పెట్టుకుంటే నూటికి 108. 30 ఏళ్లు పెట్టుకుంటే 177.

నమ్మకపోతే నువ్వే కట్టి చూసుకో. 43,391ని 240 నెలలతో గుణిస్తే కోటీ 4 లక్షలు. తెచ్చింది 50 లక్షలు, వడ్డీ 54 లక్షలు. 38,446ని 360తో గుణిస్తే కోటీ 38 లక్షలు. నెలకి 4,945 మిగులుతాయని సంతోషపడ్డావు చూడు, దానికి నువ్వు ఇచ్చేది మరో 34 లక్షలు.

ఇందులో బ్యాంకు చేసే మోసమేమీ లేదు. ఏ నెలకి ఆ నెల, మిగిలి ఉన్న అసలు మీద వడ్డీ కడతారు, అంతే. మొదటి నెల అసలు 50 లక్షలు కాబట్టి వడ్డీ 35,417. నీ 43,391లో అది పోగా అసలుకి పడేది 7,974. రెండో నెల వడ్డీ ఒక యాభై ఆరు రూపాయలు తగ్గుతుంది, ఆ యాభై ఆరూ అసలుకి కలుస్తాయి. అలా చీమ నడకలా నడుస్తుంది. ఐదేళ్లు నిండేసరికి 26 లక్షలు కట్టి ఉంటావు. అప్పు తగ్గింది ఎంతనుకున్నావు? 5 లక్షల 94 వేలు. ఇంకా 44 లక్షల చిల్లర ఉంటుంది. సగం అసలు తీరడానికి దాదాపు 14 ఏళ్లు. "అద్దె దండగ, అదే ఈఎంఐ కడితే ఇల్లు మనదవుతుంది" అని మీ ఆయన అంటున్నాడన్నావు. ఇప్పుడు అద్దె 24 వేలు కడుతున్నారు కదా. మొదటి నెల ఈఎంఐలో 35 వేలు కూడా అద్దేనమ్మా, బ్యాంకు డబ్బుకి అద్దె. ఇల్లు కొనుక్కోవద్దనను. మీకంటూ ఒక గూడు ఉండాలని నాకూ ఉంది. కానీ ఆ మాట నమ్ముకుని మాత్రం కొనకండి.

మా సంగతి చెబుతాను. 1998లో ఈ ఖమ్మం ఇంటికి 4 లక్షలు తీసుకున్నాం, 15 ఏళ్లకి, పదమూడున్నర శాతం. నెలకి 5,193. జీతం రాగానే అది తీసి పక్కన పెట్టడం, మిగిలినదాంతో ఇల్లు నడపడం. ఆరేళ్లు అలాగే గడిచాయి. 2004లో ఒక ఆదివారం ఇన్‌కంటాక్స్ కాగితాల కోసం బీరువా సర్దుతుంటే బ్యాంకువాళ్లు ఏటేటా పంపిన స్టేట్‌మెంట్లు కట్టగా దొరికాయి, ఒకటి కూడా విప్పలేదు. భోజనాల బల్ల మీద పరిచి, స్కేలు పెట్టి ఒక్కో గీతా చదివాను. కట్టింది 3 లక్షల 74 వేలు. బాకీ 3 లక్షల 23 వేల 700. మీ పెదనాన్నని పిలిచి చూపిస్తే ఆయన కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చూశారు. ఆయన అన్న మాట ఇక్కడ రాయను. ఖజానా ఆఫీసులో పాతికేళ్లు ఊరందరి బిల్లులు పైసాతో సహా సరిచూసినదాన్ని, సొంత అప్పు పద్దు చూసుకోలేదు.

అంతకంటే కడుపు మండిన సంగతి ఇంకోటుంది. అప్పటికి కొత్తగా లోను తీసుకునేవాళ్లకి అదే బ్యాంకు 8 శాతం దరిదాపుల్లో ఇస్తోంది. మాది పదమూడున్నర. బ్యాంకుకి వెళ్లి అడిగితే "మీరు అడగలేదు కదండీ" అన్నారు. నిజమే, అడగలేదు. అర్జీ రాసి, కొంత ఫీజు కట్టి, ఎనిమిదింబావుకి మార్పించుకున్నాం. ఈఎంఐ మాత్రం తగ్గించవద్దన్నాను, అదే 5,193 కట్టాం. ఇంకా తొమ్మిదేళ్లు ఉండాల్సింది ఏడేళ్ల లోపుకి వచ్చింది. 2010లో పీఆర్సీ (జీతాల సవరణ) బకాయిలు చేతికందితే మిగిలింది కట్టేసి వదిలించుకున్నాం.

మా రోజుల్లో కంటే ఇప్పుడు పద్ధతి నయం. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ (మధ్యలో రేటు మారే) లోన్ల వడ్డీని బయటి రేటుకి ముడిపెట్టాలి, చాలావరకు అది రిజర్వు బ్యాంకు రెపో రేటు, అంటే రిజర్వు బ్యాంకు మిగతా బ్యాంకులకి అప్పిచ్చే వడ్డీ. రెపో తగ్గితే నీదీ తగ్గుతుంది. పెరిగితే పెరుగుతుంది కూడా, అక్కడే జాగ్రత్త. 2022 మేలో 4 శాతం ఉన్న రెపో 2023 ఫిబ్రవరికి 6.5 అయింది. పక్కవీధి మాస్టారి అబ్బాయి 2021 చివర్లో 6.75కి 30 లక్షలు తీసుకున్నాడు, ఈఎంఐ 22,811. ఏడాదిన్నరలో వడ్డీ 9.25కి చేరింది. ఈఎంఐ పెరగలేదు కాబట్టి అబ్బాయి ఏమీ గమనించలేదు. నా దగ్గరికి తెస్తే లెక్క కట్టాను. 22,811లో 22,261 వడ్డీకే పోతోంది, అసలుకి 550 రూపాయలు. అలాగే వదిలేస్తే ఇంకా 40 ఏళ్లు కట్టాలి! అబ్బాయికి అప్పటికే ముప్పై ఆరు. ఈఎంఐ మారకపోతే మన కాలం మారుతోందని అర్థం. ఇలాంటి గోల పెరిగే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు కొత్త నియమం పెట్టింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, కాలం పెంచాలా, రెండూనా అనేది మనకే వదిలెయ్యాలి. ఆ ఎస్సెమ్మెస్ వచ్చినప్పుడు చూడకుండా తీసెయ్యకు. పెరిగితే ఈఎంఐ పెంచమను. తగ్గితే ఈఎంఐ తగ్గించవద్దను.

ఇక నువ్వు అడిగినదానికి వస్తాను. 20 ఏళ్లే పెట్టుకో, కానీ 20 ఏళ్లు కట్టే ఉద్దేశంతో కాదు. ఇప్పుడు 43 వేలు బరువే, ఒప్పుకుంటాను. కానీ పదేళ్ల తర్వాత నీ జీతం ముందు అది ఇంత బరువుగా ఉండదు. జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐని కూడా ఏడాదికి 5 శాతం పెంచుకుంటూ పో. మొదటి ఏడాది తర్వాత పెరిగేది నెలకి 2,170 రూపాయలు, మీరిద్దరూ ఒక ఆదివారం బయట తిని సినిమా చూసొచ్చే ఖర్చు. వడ్డీ ఇలాగే ఉంటే అప్పు 12 ఏళ్లు దాటగానే తీరిపోతుంది, వడ్డీలో 19 లక్షల దాకా మిగులుతుంది. అది కుదరకపోతే బోనస్ వచ్చినప్పుడు ఏడాదికి ఒక ఈఎంఐ అదనంగా కట్టు. అదొక్కటే మూడేళ్ల పైన తగ్గించి, 10 లక్షలు మిగులుస్తుంది. ఫ్లోటింగ్ హోమ్ లోను ముందే కట్టినందుకు బ్యాంకు జరిమానా వెయ్యకూడదు, 2012 నుంచీ రిజర్వు బ్యాంకు నియమం అది. కట్టేటప్పుడు మాత్రం "కాలం తగ్గించండి" అని రాసివ్వు, లేకపోతే ఈఎంఐ తగ్గించి ఊరుకోవచ్చు. మొదటి ఏళ్లలో కట్టిన లక్షకి ఉన్న బలం పదిహేనో ఏట కట్టిన లక్షకి ఉండదు. అలాగని చేతిలో ఉన్నదంతా ఊడ్చి అప్పులో పోసెయ్యకు. ఆరు నెలల ఖర్చు, ఈఎంఐతో కలిపి, విడిగా ఉంచు. మీ రంగంలో ఉద్యోగాలు ఎప్పుడు ఎలా ఉంటాయో నాకంటే నీకే తెలుసు.

టాక్సు కలిసొస్తుందని బ్యాంకు కుర్రాడు చెప్పాడా? మొదటి ఏడాది నువ్వు కట్టే వడ్డీ 4 లక్షల 21 వేలు. సొంతంగా ఉండే ఇంటికి మినహాయింపు 2 లక్షలకే, అదీ పాత పద్ధతిలో. కొత్త పద్ధతిలో ఉంటే అసలు రాదు. నువ్వు ఎందులో ఉన్నావో కనుక్కో. పాతదాంట్లో ఉన్నా సరే, 30 శాతం స్లాబులో సెస్సుతో కలిపి మిగిలేది 62,400. దానికోసం అప్పు ఉంచుకోవడమంటే దోమల కోసం ఇల్లు తగలబెట్టుకోవడమే.

నువ్వు పంపిన రెండో కాగితంలో కింద చిన్న అక్షరాల్లో ఇంకో ముక్క ఉంది, చూశావో లేదో. లోను ఇన్సూరెన్స్ ప్రీమియం 1,60,000, "లోనులో కలపబడును". అంటే దానికీ 20 ఏళ్లు వడ్డీ. నెలకి 1,389 చొప్పున, చివరికి 3 లక్షల 33 వేలు అవుతుంది. లోను కావాలంటే ఇది తప్పనిసరి అని అంటారు. తప్పనిసరి కాదు. మీ ఇద్దరికీ రక్షణ కావాల్సిందే, ఆ విషయంలో పిసినారితనం వద్దు. కానీ విడిగా టర్మ్ పాలసీ (ఒట్టి ప్రాణ బీమా) తీసుకుని ఏడాదికోసారి ప్రీమియం కట్టుకోండి.

ఫ్లాటు 65 అంటే 65తో పోదు. రిజిస్ట్రేషను తెలంగాణలో అన్నీ కలిపి ఏడున్నర శాతం, అంటే 4 లక్షల 87 వేలు. ఇంకా కడుతున్న బిల్డింగే కాబట్టి జీఎస్టీ 5 శాతం, 3 లక్షల 25 వేలు. రిజిస్ట్రేషను ఖర్చుని బ్యాంకు ఇంటి ధరలో కలిపి లెక్క కట్టదు. నీ వాటా 15 లక్షలకి ఇవి కలిస్తే 23 దాటుతుంది. తర్వాత కార్పస్ ఫండ్ (బిల్డింగు నిర్వహణ నిధి), కార్ పార్కింగ్, కప్‌బోర్డులు, కిచెను. కప్‌బోర్డుల కోసం పర్సనల్ లోను జోలికి పోవద్దు. మా ఇంట్లో మూడేళ్లు చెక్క అలమర, గోద్రెజ్ బీరువాతోనే గడిచింది, ఎవరూ మాట్లాడటం మానెయ్యలేదు.

తాళాలు ఇచ్చేదాకా ప్రీ-ఈఎంఐ అన్నారట. అది ఒట్టి వడ్డీ. బ్యాంకు ఎంత విడుదల చేస్తే అంతమీద వడ్డీ, అసలు ఒక్క రూపాయి తగ్గదు. పైగా ఇప్పుడుంటున్న ఇంటి అద్దె ఎలాగూ ఉంటుంది. బిల్డరు ఏడాది ఆలస్యం చేస్తే ఆ ఏడాదంతా రెండు చేతులా కట్టాలి. రెరా (రియల్ ఎస్టేట్ నియంత్రణ సంస్థ) సైట్లో ఆ ప్రాజెక్టు నంబరు కొట్టి, పూర్తి చేస్తామని రాసిచ్చిన తేదీ చూసుకో, బ్రోచర్లో తేదీ కాదు. వీలైతే మొదటి నుంచే పూర్తి ఈఎంఐ మొదలుపెట్టమని అడుగు.

అప్పు తీరాక కాగితాల సంగతి ఇప్పుడే ఎందుకంటావేమో. మా డాక్యుమెంట్ల కోసం నాలుగుసార్లు తిరిగాం, లింకు డాక్యుమెంటు (పాత యజమానుల దస్తావేజు) వేరే ఊళ్లో ఉందన్నారు. ఇప్పుడైతే పూర్తిగా కట్టిన 30 రోజుల్లో ఇవ్వాలి, వాళ్ల తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకి 5,000 చొప్పున ఇచ్చుకోవాలి. ఏయే కాగితాలు బ్యాంకుకి ఇచ్చావో జాబితా రాయించి, సంతకం, ముద్ర వేయించుకుని ఉంచు.

ఆదివారం వస్తానన్నావు కదా. శాంక్షన్ లెటరు, మీ ఇద్దరి పే స్లిప్పులు, బిల్డరు అగ్రిమెంటు జిరాక్సు తీసుకురా. ఆ ఇన్సూరెన్స్ కాగితం కూడా తే, సంతకం పెట్టకుండా. పెదనాన్న స్టేషన్‌కి వస్తారు.

మీ పెద్దమ్మ