కప్పు దగ్గర మొదలుపెట్టకు

చిరంజీవికి,

ఆక్స్‌ఫర్డ్ యూనివర్సిటీ ఫుట్‌బాల్ క్లబ్ మీద నువ్వు రాసిన మొదటి అధ్యాయం చదివాను. 1874 మార్చి 14, కెన్నింగ్టన్ ఓవల్, రాయల్ ఇంజనీర్స్ మీద 2-0, కథ్‌బర్ట్ ఒట్టవే కెప్టెన్సీలో ఎఫ్‌ఏ (ఇంగ్లండ్ ఫుట్‌బాల్ సంఘం) కప్పు. వివరాలన్నీ సరిగ్గానే ఉన్నాయి. అయితే కప్పు మొదటి పేజీలోనే గెలిచేశాక పాఠకుడు రెండో పేజీ ఎందుకు తిప్పాలి?

ఒక ఏడాది వెనక్కి వెళ్లు. 1873 ఫైనల్ లండన్‌లోని లిల్లీ బ్రిడ్జ్ మైదానంలో పొద్దున్నే పెట్టారు. అదే రోజు థేమ్స్ నది మీద ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్‌ల పడవ పందెం ఉంది, జనం దాన్ని వదులుకోరు. విద్యార్థుల లోకంలో ఫుట్‌బాల్‌కి అప్పుడున్న స్థానం ఆ వేళను బట్టే తెలిసిపోతుంది. ఇక ఆట చూడు. ఎదుటి జట్టు వాండరర్స్ ఒక గోల్ ముందున్నారు. ఎలాగైనా స్కోరు సమం చేయాలని ఆక్స్‌ఫర్డ్ వాళ్లు గోల్‌కీపర్ లీచ్‌ని కూడా దాడికి పంపేశారు. ఖాళీ గోల్‌లోకి వాండరర్స్ రెండోది కొట్టి పోయారు. ఇంత బంగారం లాంటి ఘట్టాన్ని నువ్వు 'దురదృష్టవశాత్తు ఓడిపోయారు' అని ఒక్క వాక్యంలో తేల్చేశావు! అందులో దురదృష్టం ఎక్కడుందయ్యా?

స్కోర్లు ఎక్కడినుంచి తీసుకున్నా సరే, మ్యాచ్ జరిగిన వారంలో వచ్చిన పత్రికలతో పోల్చి చూడు. 1877 ఫైనల్లో బంతి పట్టుకున్న వాండరర్స్ గోల్‌కీపర్ కినైర్డ్ వెనక్కి అడుగేసి గీత దాటాడు. సెల్ఫ్ గోల్. ఆక్స్‌ఫర్డ్ చివరికి ఎక్స్‌ట్రా టైమ్‌లో 2-1తో ఓడింది. తరవాత ఆ గోల్‌ని అధికారిక రికార్డు నుంచి తీసేశారు, దాదాపు వందేళ్లు పుస్తకాల్లో 2-0 అనే అచ్చయింది. కినైర్డ్ అప్పటికే ఎఫ్‌ఏ కమిటీ మనిషి అన్న సంగతి కూడా రాయి. వ్యాఖ్యానం చేయకు, పాఠకుడు తెలివైనవాడు.

పేర్లతోనూ జాగ్రత్త. 1872లో ఇంగ్లండ్ తరఫున ఆడిన చాపెల్, 1874లో కప్పు గెలిచిన జట్టులోని మాడిసన్ ఒక్కడే. మధ్యలో పేరు మార్చుకున్నాడు. నీ జాబితాలో ఇద్దరైపోయారు.

నాలుగో పేజీలో ఇంకో చిక్కుంది. 1885లో డబ్బు తీసుకుని ఆడటాన్ని ఎఫ్‌ఏ అనుమతించాక విద్యార్థుల జట్టు వెనకబడింది అన్నావు. కానీ వాళ్ల ఆఖరి ఫైనల్ 1880లో, క్లాపమ్ రోవర్స్ చేతిలో 0-1. ఐదేళ్ల తరవాత వచ్చిన నియమం దానికి ఎలా కారణమవుతుంది? నేనైతే ఎనిమిదేసి వారాల టర్ముల్లో, రెండు మూడేళ్లకే వెళ్లిపోయే కుర్రాళ్లలో వెతుకుతాను. ఊరి క్లబ్బులో పదేళ్లు ఆడినవాడు దొరుకుతాడు, వాడి చెయ్యి పట్టుకుంటే కథ నడుస్తుంది. ఇక్కడ నీకు అలాంటివాడు దొరకడు. కాబట్టి ఎవరు ఆడొచ్చు, ఎంతకాలం ఆడొచ్చు అన్న తగవునే కథానాయకుణ్ని చెయ్యి.

ఆ తగవు పెగాసస్ దగ్గర బాగా పండుతుంది. ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్ ఆటగాళ్లు కలిసి 1948లో పెట్టుకున్న క్లబ్బు అది. మూడేళ్లకే, 1951లో, వెంబ్లీలో లక్షమంది ముందు బిషప్ ఆక్లండ్‌ని 2-1తో ఓడించి, డబ్బు తీసుకోకుండా ఆడేవాళ్ల అమెచ్యూర్ కప్పు కొట్టింది. 1953లో హార్విచ్ అండ్ పార్క్‌స్టన్ మీద ఏకంగా 6-0. పదేళ్లు తిరిగేసరికి, 1963లో, క్లబ్బే లేదు. చదువు ముగిశాక ఎన్నాళ్లు ఆడనివ్వాలన్నది వాళ్లను మొదటినుంచీ పీడించిన ప్రశ్న.

వెంబ్లీ జనసందోహాన్ని వర్ణించాలని నీకు చెయ్యి దురద పెడుతుంది, తెలుసు. అది తరవాత. ముందు పెగాసస్ సభ్యత్వ నియమం మీద పది పేజీలు రాసి పంపు. మొదటి అధ్యాయాన్ని 1873 నుంచి తిరగరాసి దానితో జత చెయ్యి.

ఆశీస్సులతో,
నీ పెద్దన్న లాంటివాడు