ఆర్డర్ 37 దావాలో ‘లీవ్ టు డిఫెండ్’ ఎప్పుడు, ఎలా అడగాలి?

సరుకు బాకీ రూ.18 లక్షలంటూ మీ మీద కమర్షియల్ కోర్టులో సమ్మరీ దావా (పూర్తి విచారణ లేకుండా త్వరగా తేల్చే దావా) పడింది, సమన్లు అందాయి, రిటన్ స్టేట్‌మెంట్‌కు, అంటే రాతపూర్వక జవాబుకు, 30 రోజులు ఉన్నట్టేనా అని అడిగారు. లేవు. 30 రోజులు, గరిష్ఠంగా 120 రోజులు అన్న లెక్క మామూలు కమర్షియల్ దావాలది. ప్లెయింటులో (వాది దావా పత్రంలో) దావా నంబరు కింద ‘ఆర్డర్ 37 కింద’ (సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో సమ్మరీ దావాల నిబంధన) అని ఉంటే, వాదించుకోవడానికి కోర్టు అనుమతి (లీవ్ టు డిఫెండ్) ఇచ్చేదాకా మీ రిటన్ స్టేట్‌మెంట్‌కు చోటే లేదు.

ఇందులో పది రోజుల గడువులు రెండు. సమన్లు అందిన 10 రోజుల్లో వకాలత్, హాజరు మెమో, నోటీసులు పంపాల్సిన చిరునామా దాఖలు చేయాలి. హాజరైన రోజే వాది లాయరుకు ఆ సంగతి తెలుపుతూ నోటీసు పంపి రసీదు దాచుకోండి. హాజరు తప్పితే ప్లెయింటులో రాసిందంతా మీరు ఒప్పుకున్నట్టే లెక్క, డిక్రీ అయిపోతుంది. మూతపడ్డ గోడౌన్ చిరునామా మాత్రం ఇవ్వకండి: మీరిచ్చిన చోట కాగితం వదిలి వెళ్లినా మీకు అందినట్టే.

ఆ తర్వాత వాది ఫారం 4ఏలో, అఫిడవిట్‌తో ‘సమన్స్ ఫర్ జడ్జిమెంట్’ (తీర్పు ఇమ్మని కోరే సమన్లు) పంపిస్తాడు. అది అందిన 10 రోజుల్లో లీవ్ పిటిషన్ పడాలి. చాలామంది మొదటి హాజరుతో పని అయిపోయిందనుకుని ఇక్కడే దెబ్బతింటారు.

కేసంతా అఫిడవిట్ మీదే నిలబడుతుంది. ‘నేను బాకీ లేను’ అన్న ఒక్క ముక్కకు విలువ లేదు. ఏ ఇన్‌వాయిస్ సరుకులో లోపం, ఏ తేదీన ఫిర్యాదు చేశారు, డెబిట్ నోట్ (బిల్లులో తగ్గించాల్సిన మొత్తం తెలిపే పత్రం) ఎప్పుడు ఇచ్చారు, ఎంత చెల్లించారు అన్నవి వరసగా రాసి, బ్యాంకు స్టేట్‌మెంట్, లెడ్జర్, మెయిల్స్ జతచేయండి. సరుకే అందలేదని రాసేముందు జీఎస్టీ రిటర్నులు చూసుకోండి. అవే బిల్లుల మీద ఇన్‌పుట్ క్రెడిట్ (కొన్న సరుకుపై కట్టిన పన్నుకు మినహాయింపు) తీసుకుని ఉంటే మీ వాదన అక్కడే కూలుతుంది. సంతకం పెట్టిన బ్యాలెన్స్ కన్ఫర్మేషన్ (ఇంత బాకీ ఉందని ఒప్పుకునే పత్రం) ఉన్నా అంతే.

చట్టపరమైన అభ్యంతరాలూ వెతకండి. మూడేళ్ల కాలపరిమితి దాటిందా? వడ్డీ రేటు ఏ రాతలో ఉంది? అత్యవసర మధ్యంతర ఉత్తర్వులేవీ కోరకుండానే, దావాకు ముందు వాది మధ్యవర్తిత్వానికి (మీడియేషన్) వెళ్లలేదా? 2022 ఆగస్టు 20 తర్వాత వేసిన దావా అయితే కమర్షియల్ కోర్టుల చట్టం సెక్షన్ 12ఏ కింద ఈ అభ్యంతరం బలమైనది. ఒప్పందంలో ఆర్బిట్రేషన్ క్లాజు (వివాదాన్ని కోర్టు బయట ఆర్బిట్రేటర్ తేల్చాలన్న షరతు) ఉంటే, వివాదాన్ని అక్కడికి పంపమనే పిటిషన్ లీవ్ అఫిడవిట్‌కన్నా ముందే పడాలి.

ఐడీబీఐ ట్రస్టీషిప్–హబ్‌టౌన్ కేసులో 2016లో సుప్రీంకోర్టు ఈ అనుమతికి కొలబద్దలు చెప్పింది. గట్టి వాదనో, విచారించదగ్గ సహేతుకమైన అంశమో ఉంటే సాధారణంగా షరతు లేకుండానే అనుమతి. నిజాయితీ మీద అనుమానం వస్తే డిపాజిట్టో, సెక్యూరిటీనో అడుగుతారు. నమ్మశక్యంగా లేకపోతే అసలు, వడ్డీ మొత్తం కట్టమనొచ్చు. వాదనే లేకపోతే నిరాకరణ. మీరు రూ.4 లక్షలు ఒప్పుకుంటే ఆ నాలుగూ కోర్టులో జమ చేయనిదే అనుమతి రాదు. అందుకే ఒప్పుకునే అంకెను ఒకటికి రెండుసార్లు లెక్కచూసి రాయండి. షరతు గడువు దాటినా వెంటనే డిక్రీయే.

గడువు ఇప్పటికే దాటి ఉంటే ఆర్డర్ 37లోని రూల్ 3(7) కింద, తగిన కారణం చూపి ఆలస్యం మన్నించమని పిటిషన్ వేయండి. డిక్రీ అయిపోయి ఉంటే దాన్ని రద్దు చేయమని అడగడానికి రూల్ 4 ఉంది గానీ, అక్కడ ప్రత్యేక పరిస్థితులతోపాటు మీ డిఫెన్సు ఏమిటో కూడా ఆ పిటిషన్‌లోనే చూపాలి.