ఐదు బొమ్మలు వచ్చాయి, ఆరోది ఎందుకు రావట్లేదు?

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ఒకే విషయం మీద ఉన్నాయి. పండగ సీజన్ వచ్చిందంటే మన శ్రీకాకుళం, విజయనగరం ఊళ్లలో సూపర్‌మార్కెట్లు "బొమ్మలు సేకరించండి, బహుమతి గెలవండి" అని స్లిప్పులు ఇస్తాయి కదా, వాటి గురించే. మిగతా ప్రశ్నలు వచ్చే వారానికి ఉంచి, ఈ వారం అంతా దీనికే కేటాయిస్తున్నాను.

ప్రశ్న (ఒక గృహిణి, విజయనగరం): మేడమ్, మా ఇంటి దగ్గర సూపర్‌మార్కెట్లో 500 రూపాయల బిల్లుకి ఒక స్లిప్పు ఇస్తున్నారు. గీకితే బొమ్మ కనిపిస్తుంది. అరసవల్లి గుడి, శ్రీకూర్మం, రామతీర్థం, విజయనగరం కోట, బొబ్బిలి వీణ, శాలిహుండం, ఈ ఆరూ చేరితే స్కూటర్ ఇస్తారట. నా దగ్గర నలభై స్లిప్పులు అయ్యాయి. వీణలే పదకొండు ఉన్నాయి. శాలిహుండం మాత్రం ఒక్కటీ రాలేదు. మా ఆయన ఇక చాలించమంటున్నారు, మా గుంటడు "ఇంకొక్కటే కదమ్మా" అంటున్నాడు. ఆఫర్ అయిపోవడానికి మూడు వారాలుంది. ఏం చేయమంటారు?

జవాబు: మీవారు చెప్పిందే చేయండమ్మా. ఎందుకో కొంచెం వివరంగా చెబుతాను, ఎందుకంటే ఇది అర్థమైతే ఇలాంటి ఆఫర్లన్నీ అర్థమైనట్టే.

ఆరు బొమ్మలనూ సమానంగా అచ్చువేసి బాగా కలిపి పంచారనుకోండి, అప్పుడు సగటున పదిహేను స్లిప్పుల్లోపే ఆరూ వచ్చేస్తాయి. మీలా నలభై తీసుకున్నా ఫలానా బొమ్మ ఒక్కటి కూడా రాకుండా ఉండటం వెయ్యిమందిలో ఒకరికి కూడా జరగదు. అంటే మీకు అదృష్టం లేక కాదు, ఆ బొమ్మను అచ్చువేయడమే అతి తక్కువ వేశారు. ఈ ఆటలు నడిచే పద్ధతే అది. ఐదు బొమ్మలు లెక్కలేనన్ని వేస్తారు, ఆరోది మాత్రం ఎన్ని స్కూటర్లు ఇవ్వదలుచుకున్నారో సరిగ్గా అన్నే వేస్తారు. మూడు స్కూటర్లయితే మూడు శాలిహుండాలు. అలా వేయకపోతే పది రోజుల్లో వందమంది ఆరేసి బొమ్మలు పట్టుకొచ్చి కౌంటర్ ముందు నిలబడతారు, షాపు మూతపడుతుంది. కాబట్టి ఇందులో మోసం ఉందని అనను, ఈ రకం ఆటలో బహుమతుల సంఖ్యను అదుపులో పెట్టుకోవడానికి వాళ్లకి వేరే దారి లేదు. తప్పు ఎక్కడంటే, ఏ బొమ్మ అరుదో, మొత్తం స్లిప్పులు ఎన్నో, అందులో గెలిచేవి ఎన్నో ఆఫర్ బోర్డు మీద ఎక్కడా రాయకపోవడంలో.

ఇప్పుడు మీ అబ్బాయి మాట. "ఇంకొక్కటే" అనేది వినడానికి దగ్గరకొచ్చేసినట్టు ఉంటుంది, పిల్లలకే కాదు పెద్దవాళ్లకీ అలాగే అనిపిస్తుంది. కానీ ఆ ఐదు బొమ్మలకీ విలువ లేదు, అవి అందరి దగ్గరా ఉన్నాయి. ఆట మొత్తం ఆ ఒక్క బొమ్మ మీదే ఉంది, మిగతా ఐదూ మిమ్మల్ని మళ్లీ మళ్లీ షాపుకి రప్పించడానికి. మొదటి స్లిప్పు గీకిన రోజు మీరు స్కూటర్‌కి ఎంత దూరంలో ఉన్నారో, ఐదు బొమ్మలు చేరాక కూడా దాదాపు అంతే దూరంలో ఉన్నారు.

డబ్బు లెక్క కూడా చూద్దాం. ఉదాహరణకి లక్ష స్లిప్పులు పంచారనుకుందాం, స్కూటర్ లక్ష రూపాయలది, మూడు స్కూటర్లు. బహుమతుల ఖర్చు మూడు లక్షలు. 500కి ఒకటి చొప్పున లక్ష స్లిప్పులంటే అమ్మకాలు ఐదు కోట్లు. అంటే మీ చేతిలో ఉన్న ఒక్కో స్లిప్పు విలువ సగటున మూడు రూపాయలు, అంతే. ఇప్పుడు మీరు గమనించాల్సింది ఏమిటంటే, బిల్లు 420 అయినప్పుడు బిల్లింగ్ కౌంటర్లో అమ్మాయి "ఇంకో 80 చేయండి మేడమ్, స్లిప్పు వస్తుంది" అంటుంది, పక్కనే చేతికందేలా బిస్కట్ ప్యాకెట్లు, చాక్లెట్లు ఉంటాయి. ఆ మూడు రూపాయల కాగితం కోసం 80 రూపాయల అక్కర్లేని సామాను ఇంటికొస్తుంది. షాపుకి లాభం వచ్చేది అక్కడే. మీరు ఎలాగూ కొనే బియ్యం, పప్పు, నూనెకి స్లిప్పు వస్తే తీసుకోండి, గీకండి, మీ అబ్బాయి సరదా ఎందుకు కాదనాలి. స్లిప్పు కోసమని మాత్రం ఒక్క సబ్బు కూడా అదనంగా కొనకండి.

ఇంకో సంగతి. ఆఫర్ ముగిసేనాటికి స్లిప్పులన్నీ పంచకపోవచ్చు. ఆ మూడు శాలిహుండాల్లో ఒకటి కౌంటర్ కింద విప్పని కట్టలోనే ఉండిపోవచ్చు, లేదా ఎవరో గీకకుండానే సంచీతో పాటు పారేసి ఉండవచ్చు. ఒకవేళ "మూడు స్కూటర్లు" అని ఎక్కడైనా రాసినా, మూడూ ఎవరికో ఒకరికి వస్తాయని కాదు. మిగిలిపోయిన బహుమతులకి చివర్లో విడిగా డ్రా తీస్తారా అని మేనేజర్‌ని అడగండి. తీస్తామంటే అదే మాట రాసి అంటించమనండి.

ప్రశ్న (ఒక ఉపాధ్యాయుడు, నరసన్నపేట): మా వీధి వాళ్లంతా వాట్సాప్ గ్రూపులో బొమ్మలు మార్చుకుంటున్నారు. ఎవరో ఒకాయన దొరకని బొమ్మ తన దగ్గర ఉందని, మూడు వేలకి ఇస్తానని పెట్టాడు. కొనవచ్చా?

జవాబు: వద్దండి. నిజంగా స్కూటర్ తెచ్చిపెట్టే బొమ్మ ఉన్నవాడు మూడు వేలకి ఎందుకు అమ్ముతాడు? మిగతా ఐదు బొమ్మలు ఎవరిని అడిగినా ఊరికే ఇస్తారు కదా. పైగా బొమ్మ ఒక్కటే చాలదు, దాని మీద సాధారణంగా కోడ్ నంబరు ఉంటుంది, అది వాళ్ల దగ్గరున్న జాబితాతో సరిపోలాలి. 1992లో ఫిలిప్పీన్స్‌లో పెప్సీ కంపెనీ మూతల కింద నంబర్లు పెట్టి పది లక్షల పెసోల (అక్కడి డబ్బు) వరకూ బహుమతులు ప్రకటించింది, మే నెలలో 349 గెలిచిందని టీవీలో చెప్పారు. తీరా చూస్తే ఆ నంబరు లక్షల మూతల మీద ఉంది. వాటి మీద ఉన్న సెక్యూరిటీ కోడ్ సరైనది కాదని కంపెనీ చేతులెత్తేసింది, 500 పెసోలు ఇస్తామంది, జనం రోడ్లెక్కారు, అల్లర్లలో ప్రాణాలు కూడా పోయాయి. అందుకే మీ స్లిప్పు వెనక కోడ్ ఉందో లేదో, అది చెరిగిపోకుండా ఉందో చూసుకోండి. ఊరికే మార్చుకోవడంలో నష్టం లేదు, డబ్బు మాత్రం పెట్టకండి.

ప్రశ్న (ఒక డిగ్రీ విద్యార్థి, పలాస): అసలు ఆ బొమ్మలు ముందే షాపు వాళ్లో, వాళ్ల చుట్టాలో తీసేసుకోరని నమ్మకం ఏంటి?

జవాబు: మంచి అనుమానమే, జరగని పని కాదు. అమెరికాలో బర్గర్లు అమ్మే మెక్‌డొనాల్డ్స్ కంపెనీ పెట్టిన మోనోపలీ అనే బహుమతుల ఆటలో అచ్చంగా ఇదే జరిగింది. ఆ ఆటను నడిపిన సైమన్ మార్కెటింగ్ అనే సంస్థలో భద్రత చూసే అధికారి జెరోమ్ జాకబ్సన్, ఒకప్పుడు పోలీసు. గెలిచే ముక్కలను (మన స్లిప్పుల్లాంటివే) ప్యాకింగ్ ఫ్యాక్టరీలకు చేర్చే బాధ్యత ఆయనదే. 1989 నుంచి 2001 దాకా వాటిని దొంగిలించి తెలిసినవాళ్ల ద్వారా అమ్ముకుంటూ వచ్చాడు, మొత్తం 2 కోట్ల 40 లక్షల డాలర్ల పైచిలుకు బహుమతులు పక్కదారి పట్టాయి. 2001 ఆగస్టులో అక్కడి దర్యాప్తు సంస్థ ఎఫ్‌బీఐ అరెస్టులు మొదలుపెట్టేదాకా కోట్లమంది జనం బర్గర్లు కొంటూ, రాని ముక్కల కోసం ఎదురుచూస్తూనే ఉన్నారు. అంతకు చాలా ముందే, 1969లో, కిరాణా షాపులు, పెట్రోలు బంకులు నడిపే ఇలాంటి ఆటల కోసం అమెరికా ప్రభుత్వం ప్రత్యేకంగా నిబంధన తెచ్చింది. బహుమతులు ఎన్నో, గెలిచే అవకాశం ఎంతో ప్రకటించాలని, గెలిచే టికెట్లను మిగతావాటిలో బాగా కలిపి పంచాలని.

మన ఊళ్లో సంగతి ఇంకా చిన్నది. ఓనరే లోకల్ ప్రెస్‌లో స్లిప్పులు కొట్టించి డబ్బాలో పోసి కౌంటర్లో పెడతాడు, మధ్యలో చూసేవాళ్లు ఎవరూ ఉండరు. అందుకే నా వరకు, దాచిపెట్టిన బొమ్మ ఆట కంటే అందరి ముందూ తీసే లక్కీ డ్రానే నయం అంటాను. పేర్లన్నీ డబ్బాలో వేసి, చెప్పిన రోజు చెప్పిన టైముకి, వచ్చినవాళ్ల ఎదురుగా చిన్నపిల్లతో చీటీ తీయిస్తే కనీసం మీ కళ్లతో మీరు చూస్తారు. సిబ్బంది, వాళ్ల కుటుంబాలు పాల్గొనకూడదని షరతుల్లో ఉందో లేదో కూడా చూడండి, లేకపోతే అడగండి.

ప్రశ్న (ఆమదాలవలస): ఈ ఆఫర్ల కింద చిన్న అక్షరాల్లో "తమిళనాడులో వర్తించదు" అని ఉంటుంది, ఎందుకు?

జవాబు: బహుమతి పథకాలను నిషేధిస్తూ ఆ రాష్ట్రంలో 1979లోనే చట్టం వచ్చింది. కంపెనీలు దేశమంతటికీ ఒకే ప్యాకెట్ అచ్చువేస్తాయి కాబట్టి ఆ వాక్యం మన దగ్గరికీ వస్తుంది.

ప్రశ్న (ఒక చిరు వ్యాపారి, రాజాం): మా ఊళ్లో నెలకి వెయ్యి కట్టే లక్కీ స్కీమ్ నడుస్తోంది. ప్రతి నెలా డ్రాలో పేరు వచ్చినవాళ్లకి బైక్, ఇక మిగతా వాయిదాలు కట్టక్కర్లేదు. చివరిదాకా రానివాళ్లకి ఇంటి సామాను ఇస్తారట. ఇదీ సూపర్‌మార్కెట్ ఆఫర్ లాంటిదేనా?

జవాబు: కాదు, దయచేసి దీన్ని దాంతో కలపకండి. సూపర్‌మార్కెట్లో మీ 500కి సామాను మీ చేతికొచ్చింది, స్లిప్పు దాని పైన వచ్చింది. ఇక్కడ మీరు డబ్బు ముందు కట్టి డ్రా కోసం కూర్చుంటున్నారు. దీన్ని ప్రైజ్ చిట్ అంటారు, 1978 నాటి కేంద్ర చట్టం దీన్ని పూర్తిగా నిషేధించింది. గెలవనివాళ్లకి డబ్బు వెనక్కిస్తామన్నా, సామాను ఇస్తామన్నా సరే, నిషేధమే. రిజిస్టర్ చేసిన చిట్‌ఫండ్ వేరు, దానికి 1982 చట్టం, రిజిస్ట్రార్ అనుమతి ఉంటాయి. ఈ లక్కీ స్కీముల్లో మొదటి కొన్ని నెలలు బైకులు ఇచ్చి, ఫొటోలు తీసి ఫ్లెక్సీ కట్టి, జనం బాగా చేరాక ఆఫీసుకి తాళం వేసి వెళ్లిపోవడం మన జిల్లాల్లో కొత్తేమీ కాదు. కూలి డబ్బులు దాచుకుని కట్టే ఆడవాళ్లే ఎక్కువగా నష్టపోతారు, అదే బాధ. మీరు ఆపేసి ఊరుకోకండి, కట్టిన రసీదులు జాగ్రత్త చేసి పోలీసులకి ఫిర్యాదు ఇవ్వండి, పక్కవాళ్లకీ చెప్పండి.

ప్రశ్న (బొబ్బిలి నుంచి ఒక పాఠకురాలు): దసరా ఆఫర్ అయిపోయి నెలలు దాటింది. ఎవరికి వచ్చిందో బోర్డు పెట్టలేదు. అడిగితే "వచ్చేసిందమ్మా ఎవరికో" అంటున్నారు. మనం ఏమీ చేయలేమా?

జవాబు: చేయగలం. వినియోగదారుల రక్షణ చట్టం 2019లో ఇది స్పష్టంగా ఉంది. బహుమతి పథకం ముగిశాక తుది ఫలితాలు పాల్గొన్నవాళ్లకి చెప్పకుండా దాచడం అనుచిత వాణిజ్య పద్ధతి కిందికి వస్తుంది. పేపర్లో ప్రకటన ఇచ్చి ఉంటే ఫలితాలను కూడా అదే పేపర్లో స్పష్టంగా వేయాలి. ఇవ్వాలనే ఉద్దేశం లేకుండా బహుమతి ప్రకటించడం, ధరలో కలిపేసి ఉచితం అనడం కూడా అదే కోవలోకి వస్తాయి. ముందు ఒక కాగితం మీద రాసి మేనేజర్‌కి ఇచ్చి, కాపీ మీద సంతకం పెట్టించుకోండి. చాలాచోట్ల ఆ సంతకం అడగ్గానే పని జరుగుతుంది. జరక్కపోతే 1915కి ఫోన్ చేయండి, జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ అది, తెలుగులోనే మాట్లాడవచ్చు. ఆ తర్వాత జిల్లా వినియోగదారుల కమిషన్. మీరు కట్టిన మొత్తం ఐదు లక్షల లోపుంటే ఫీజు లేదు, లాయరు లేకుండా మీరే వెళ్లవచ్చు, ఫిర్యాదు రెండేళ్ల లోపు వేయాలి. స్లిప్పులు, బిల్లులు, ఆఫర్ బోర్డు ఫొటో ఉంటే మీ మాటకి బలం. థర్మల్ బిల్లుల మీద అక్షరాలు కొన్నాళ్లకే వెలిసిపోతాయి, ఈ రోజే ఫోన్‌తో ఫొటో తీసి పెట్టుకోండి.

ప్రశ్న (ఒక రైతు, చీపురుపల్లి): షాపులో కూపన్ మీద పేరు, ఫోన్ నంబరు రాసి డబ్బాలో వేశాను. నిన్న ఫోన్ వచ్చింది, కారు తగిలిందట, ముందు పన్ను కింద 18,000 ఫోన్‌పే చేయమంటున్నారు. బహుమతి మీద పన్ను ఉంటుందని మా అల్లుడూ అన్నాడు. కట్టాలా?

జవాబు: కట్టకండి! మీ అల్లుడు చెప్పింది నిజమే, మోసగాళ్లు వాడుకునేది కూడా ఆ నిజాన్నే. లాటరీ, డ్రా బహుమతి మీద 30 శాతం పన్ను ఉంటుంది, దాని మీద సెస్ కూడా. మీకు వేరే ఆదాయం లేకపోయినా తప్పదు, మామూలు మినహాయింపు పరిమితి దీనికి వర్తించదు. వస్తువు రూపంలో బహుమతి అయితే, పన్ను కట్టినట్టు నిర్ధారించుకున్నాకే ఇచ్చేవాళ్లు దాన్ని అప్పగించాలి. ఇప్పుడు లెక్క చూడండి, ఆరు లక్షల కారుకి పన్నే లక్షా ఎనభై వేలు అవుతుంది, 18,000 ఎక్కడినుంచి వచ్చింది? నిజమైన పన్ను మీ పాన్ నంబరు మీద ప్రభుత్వ ఖాతాలో జమవుతుంది, ఇచ్చినవాళ్లు సర్టిఫికెట్ ఇస్తారు, ఆదాయపు పన్ను శాఖ వెబ్‌సైట్‌లో మీ పన్ను వివరాల్లో కనిపిస్తుంది. ఎవరో ఒకరి ఫోన్‌పే నంబరుకి పంపేది పన్ను కాదు.

మీరు రాసిన కూపన్ మీది నంబరు ఎవరి చేతుల్లో పడిందో చెప్పలేం. ఆ నంబరుకి తిరిగి ఫోన్ చేయకండి, ఓటీపీ చెప్పకండి, వాళ్లు పంపిన లింకు నొక్కకండి. నేరుగా షాపుకి వెళ్లి కౌంటర్లో అడగండి. ఇప్పటికే కొంత పంపి ఉంటే ఆలస్యం చేయకుండా 1930కి ఫోన్ చేయండి, సైబర్ నేరాల హెల్ప్‌లైన్ అది. ఎంత త్వరగా చెబితే ఆ డబ్బు వాళ్ల ఖాతాలోనే ఆగే అవకాశం అంత ఎక్కువ. ఫోన్ చేసేటప్పుడు మీ బ్యాంకు పేరు, పంపిన టైము, లావాదేవీ నంబరు దగ్గర పెట్టుకోండి, అవే ముందు అడుగుతారు.