తెల్లబడిన పగడం చచ్చిపోయినట్టేనా?

ప్రశ్న: పగడపు దిబ్బలు తెల్లగా పాలిపోయిన ఫొటోలు చూస్తే బాధేస్తోంది. అవి చచ్చిపోయినట్టేనా?

జవాబు: వెంటనే కాదండీ. పగడం రాయిలా కనిపిస్తుంది గానీ, దగ్గరగా చూస్తే ఒక్కో చిన్న గుంటలో ఒక మెత్తటి జీవి ఉంటుంది, దాని ఒంట్లో కంటికి కనిపించనంత సన్నటి నాచు కాపురముంటూ ఎండతో తిండి తయారుచేసి పెడుతుంది, ఆ రంగు కూడా చాలావరకు నాచుదే. నీళ్లు మామూలు వేసవి కన్నా ఒక్క డిగ్రీ ఎక్కువ వేడెక్కి కొన్ని వారాలు అలాగే ఉంటే చాలు, నాచు వెళ్లిపోయి లోపలి తెల్లటి సున్నపు అస్థిపంజరం బయటపడుతుంది. అంటే పగడం ఆకలితో ఉందన్నమాట. త్వరగా చల్లబడితే కోలుకుంటుంది.

నా టెన్షనంతా ఒకసారి తెల్లబడ్డాక మళ్లీ తెల్లబడేలోపు దొరికే గ్యాప్ గురించే. ఆస్ట్రేలియాలోని గ్రేట్ బారియర్ రీఫ్ 2016, 2017, 2020, 2022, 2024ల్లో పెద్ద ఎత్తున తెల్లబడింది, ఇక కోలుకునే టైమ్ ఎక్కడిది? సముద్రపు అడుగులో ఒక్క శాతం కూడా లేని ఈ దిబ్బల మీదే సముద్ర జీవజాతుల్లో దాదాపు నాలుగో వంతు ఆధారపడ్డాయి మరి.

పగడాల్ని నర్సరీల్లో పెంచి దిబ్బల మీద నాటడం మంచిదే, కానీ 2023లో ఫ్లోరిడాలో అలా పెంచినవి కూడా వేడికి తెల్లబడ్డాయి. కర్బన ఉద్గారాలు తగ్గించడమే అసలు మందు. ఈలోగా పగడాల్ని పైనుంచి కమ్మేసే వేరే రకం నాచును గీకి తినే చిలుక చేపల్ని వేటాడకుండా వదిలేయాలి.