బిల్లీ ది కిడ్ ఎడమచేతివాటం వాడా? తుపాకీయే సాక్ష్యం

అమెరికా పశ్చిమ సీమలో పేరుమోసిన బందిపోటు బిల్లీ ది కిడ్ ఫోటోలో రివాల్వర్ ఎడమ నడుముకు కనిపిస్తున్నప్పుడు, అతడు కుడిచేతివాటం వాడని కొందరు చరిత్రకారులు ఎలా రాస్తారని మీరు అడిగారు. మీ కన్ను పొరబడలేదు, తిరగబడినది బొమ్మ. న్యూ మెక్సికోలోని ఫోర్ట్ సమ్నర్‌లో 1880 ప్రాంతంలో తీసిన ఆ చిత్రం టిన్‌టైప్, అంటే నెగెటివ్ అన్నది లేకుండా పల్చని ఇనుప రేకు మీదే నేరుగా పడే ఛాయ (పేరులో తప్ప అందులో తగరం లేదు), కనుక అద్దంలో చూసినట్లు కుడి ఎడమలు తారుమారవుతాయి.

రుజువు కావాలంటే అతడి పక్కనున్న 1873 మోడల్ వించెస్టర్ రైఫిల్‌ను గమనించండి. తూటాలు నింపే ద్వారం ఆ తుపాకీకి కుడివైపున ఉంటుంది. అసలు రేకు మీద మాత్రం అది ఎడమవైపున కనిపిస్తుంది. నా దృష్టిలో వాదన ఇక్కడితో తేలిపోయింది. అయినా 1881 జులై 14 రాత్రి లింకన్ కౌంటీ షెరీఫ్ ప్యాట్ గ్యారెట్ అతడిని చీకటి గదిలో కాల్చి చంపిన తరువాత కూడా, ఈ ఒక్క రేకు పుణ్యమా అని ఆ ఎడమచేతి కథ దశాబ్దాల తరబడి బతికింది. మీ వ్యాసంలో ఈ చిత్రాన్ని వాడదలిస్తే, కుడి ఎడమలు సరిచేసిన ప్రతిని తీసుకుని, ఆ సంగతిని చిత్రం కింద తెలియజేయండి.